ఇల్లు మాత్రమే తీశాను

సెప్టెంబర్ 13, 2004. సోమవారం. సెంతోబ్రెల్.

మధ్యాహ్నం రైలు దిగాను. హోటల్ గది రెండో అంతస్తులో, నది వైపు ఉంది. కిటికీలోంచి వంతెన కనిపిస్తుంది. వంతెన దాటగానే ఆ ఇల్లు. గది మార్చమని అడుగుదామనుకున్నాను. ఎందుకని అడిగితే ఏం చెప్పాలో తెలియక ఊరుకున్నాను.

రచయితల జీవితాల మీద ఇది నా పదకొండో సినిమా. రెజిస్ ఒమొంతెల్ మీద రెండోది. మొదటిది 1981లో తీశాను, ఇరవై ఆరు నిమిషాలు. అప్పుడాయన బతికే ఉన్నాడు. ఇప్పుడు పోయి ఆరేళ్లు. టీవీ వాళ్లు ఈసారి గంటన్నర ఇచ్చారు. ఆయన తన చిన్నతనం గురించి రాసిన పుస్తకం బడిలో చదవనివాళ్లు నా ఎరుకలో లేరు. అది ఈ ఊరి కథే. 1943లో, ఫ్రాన్స్ జర్మన్ల చేతిలో ఉన్నప్పుడు, బడిపంతులు తెస్సాందియే వాళ్లు వెతుకుతున్న ముగ్గురిని తన నేలమాళిగలో దాచాడు. ఇస్త్రీ పని చేసే రోజ్ అనే అమ్మాయి జర్మన్లకు చెప్పేసింది. పంతులు తిరిగి రాలేదు.

నా మొదటి సినిమాలో జనానికి గుర్తుండిపోయింది ఒకటే షాట్. రోజ్ ఇల్లు, ఆకుపచ్చ కిటికీ రెక్కలు. లోపలి నుంచి ఒక చెయ్యి వచ్చి రెక్కను లాక్కుని మూసేస్తుంది. మణికట్టు మీద ఇస్త్రీపెట్టె కాల్చిన మచ్చ, అచ్చం పుస్తకంలో రాసినట్టే. సినిమా నేర్పే బళ్లలో ఇప్పటికీ ఆ షాట్ చూపిస్తారు. ఆ రోజు అదృష్టం కలిసొచ్చింది, అంతే.

సెప్టెంబర్ 14

ఒమొంతెల్ గారి భార్య ఎలియాన్ కాగితాల పెట్టెలన్నీ ఇచ్చింది, పద్నాలుగు పెట్టెలు. డెబ్బై ఒక్క ఏళ్లు వచ్చినా నిటారుగా నడుస్తుంది. "చదువుకోండి లొర్మో గారూ, మీ దగ్గర దాచేదేముంది" అంది.

సెప్టెంబర్ 15

నీలం పెట్టెలో ఒక ఉత్తరం నకలు దొరికింది. 1967లో ఒమొంతెల్ తన ప్రచురణకర్తకు రాసింది. ఇక్కడ ఎక్కించుకుంటున్నాను, రేపు కలగన్నానని అనుకోకుండా.

"రోజ్ నిజంగా ఎవరని అడిగావు. పంతులు సంగతి బయటపెట్టింది ఆ పిల్ల కాదు, మా నాన్న. కాఫీ కొట్లో నవ్వులాటకు నోరు జారాడు. అమ్మ బతికుండగా నాన్న పేరు నేను రాయలేను. చదివేవాళ్లకు ఒక మనిషి కావాలి కదా. వంతెన దగ్గరి ఇస్త్రీ పిల్లను పెట్టాను. ఆమె ఏమీ అనదు. ఆ పిల్ల పుస్తకాలు చదవదు."

మూడుసార్లు చదివాను. తర్వాత స్నానాల గదిలోకి తీసుకెళ్లి తలుపు గడియ పెట్టుకుని మళ్లీ చదివాను. గదిలో నేను తప్ప ఎవరూ లేరు.

సెప్టెంబర్ 16

నేను ఇల్లు మాత్రమే తీశాను. పేరు చెప్పలేదు.

సెప్టెంబర్ 18

నిద్ర లేదు. రోజ్ అసలు పేరు లియోంతిన్ వోద్రీ. ఎనభై ఏళ్లు. ఇంకా ఆ ఇంట్లోనే ఉంటోందని హోటల్ యజమాని చెప్పాడు. "ఎప్పుడైనా బస్సెక్కి పక్క ఊరికి వెళ్లి సరుకులు తెచ్చుకుంటుంది. ఇక్కడ కొనదు. అలవాటు లెండి" అన్నాడు.

అలవాటట.

సెప్టెంబర్ 20

ఎలియాన్ ఇంట్లో టీ. ఉత్తరం నకలు బల్ల మీద పెట్టాను. ఆమె కళ్లజోడు కూడా పెట్టుకోలేదు.

"నీలం పెట్టెలోదా?" అంది.

"మీరు చదివారా?"

"ఆయన పోయిన వారానికే చదివాను. చింపేద్దామనుకున్నాను. ఆయన చేతిరాత కదా, మనసొప్పలేదు."

"మరి ఆ పెట్టె నాకెందుకిచ్చారు?"

"అన్నీ కావాలన్నారు, అన్నీ ఇచ్చాను. సినిమావాళ్లు ఫొటోలే చూస్తారనుకున్నా. కాగితాలు కూడా చదువుతారని ఎవరనుకుంటారు?"

నవ్వింది. నేనూ నవ్వాను. ఎందుకు నవ్వానో తెలియదు.

"చూడండి, నేను పోయాక మీ ఇష్టం. నేనుండగా ఆ ఉత్తరం బయటికొచ్చిందా, మీ సినిమాలో ఆయన రాసిన ఒక్క ముక్క వినబడదు. ఆయన గొంతు ఉండదు, ఫొటో ఉండదు. హక్కులన్నీ నావే. నేను చెడ్డదాన్ని కాదండీ. ఇక్కడి బడికి ఆయన పేరు పెట్టారు. రోజూ పిల్లలు ఆ పేరు కింద నుంచి లోపలికి వెళ్తారు."

"ఆవిడ బతికే ఉంది ఎలియాన్ గారూ."

"తెలుసు. నాకంటే తొమ్మిదేళ్లు పెద్దది."

నా కప్పులో పంచదార వేసి కలిపింది. నేను పంచదార వేసుకోను. తాగేశాను.

సెప్టెంబర్ 21

నాకంటే తొమ్మిదేళ్లు పెద్దది. ఆ మాట ఆమె ఏ ఉద్దేశంతో అన్నదో నాకు తెలుసు. నాకు తెలుసని ఆమెకు తెలుసు.

ఉత్తరం గురించి చెప్పకుండానే మంచి సినిమా తీయొచ్చు. నది ఉంది, బడి ఉంది, ఆయన గొంతు ఉంది. రోజ్ భాగాన్ని పూర్తిగా వదిలేయొచ్చు. అది అబద్ధం చెప్పడం కాదు.

సెప్టెంబర్ 23

ఈ రోజు ఆమెకు చెప్పేయాలని బయల్దేరాను. వంతెన దాటాను. రొట్టె కొనుక్కుని వెనక్కి వచ్చాను.

సెప్టెంబర్ 24

మళ్లీ రొట్టె.

సెప్టెంబర్ 27

తలుపు తట్టాను.

తలుపు తీసిన మనిషి చిన్నగా, బక్కగా ఉంది. తెల్లటి కాలరు గట్టిగా ఇస్త్రీ చేసి ఉంది. నా చేతిలో సంచీ చూసి, "రేడియేటర్ కోసమేనా? శుక్రవారం వస్తానన్నావుగా అబ్బాయ్, ఇవాళ సోమవారం" అంది. నాకు అరవై ఒక్కటి. నన్ను అబ్బాయ్ అని పిలిచి ఎన్నేళ్లయిందో.

కాదని చెప్పాలి. చెప్పలేదు. లోపలికి వెళ్లాను. వేడినీళ్లతో వంటగదిని వెచ్చబరిచే ఆ రేడియేటర్ పైభాగం చల్లగా ఉంది. లోపల గాలి చేరితే అలాగే అవుతుంది. మా ఇంట్లోనూ నేనే తీస్తాను. చిన్న తాళంచెవిలాంటిది ఆమె దగ్గరే ఉంది. తిప్పాను. బుస్సుమంటూ గాలి పోయింది, నీళ్లు వచ్చాయి. గిన్నె పట్టుకుని ఆమె నా పక్కనే నిలబడింది. మణికట్టు నా కళ్లెదుటే ఉంది. మచ్చ తెల్లబడిపోయింది.

"ముఖం అలా పాలిపోయిందేంటి? పొద్దున్న ఏం తినలేదా?" అంది.

రొట్టె ముక్క మీద వెన్న రాసి పెట్టింది. తిన్నాను. తలుపు దాకా వచ్చి సాగనంపింది. నా పేరు అడగలేదు.

సెప్టెంబర్ 28

నేనింత పిరికివాణ్నా.

సెప్టెంబర్ 30. గురువారం.

పంతులు గారమ్మాయి ఒదెత్ తెస్సాందియే దుకాణానికి వెళ్లాను. బడి ఎదురుగా, పుస్తకాలూ పెన్సిళ్లూ అమ్మే చిన్న కొట్టు. తండ్రిని తీసుకెళ్లినప్పుడు ఆమెకు ఆరేళ్లు. ఇప్పుడు అరవై ఏడు. 1981లో నా సినిమాలో మాట్లాడింది. ఆమె నన్ను వెంటనే గుర్తుపట్టింది.

"మళ్లీ తీస్తున్నారటగా. ఈసారి కూడా ఆ చెయ్యి చూపిస్తారా?"

"ఇంకా తెలీదండీ."

"చూపించండి. నేను ఆ వీధిలోకి వెళ్లి ముప్పై ఆరేళ్లు, ఆ పుస్తకం వచ్చినప్పటినుంచీ. పోస్టాఫీసుకి వెళ్లాలంటే చుట్టూ తిరిగి వెళ్తాను. ఆ కిటికీ మూసుకుపోయినప్పుడు మాత్రం నాకు ఎంత హాయిగా ఉంటుందో. సిగ్గుంది దానికి, అనుకుంటాను."

ఒక నోటుపుస్తకం కొని బయటికి వచ్చాను.

ఆ చెయ్యి గురించి రాయాలి. ఈ డైరీ ఎవరూ చదవరు కదా. మొదటిరోజు అదృష్టం అని రాశాను. అదృష్టం కాదు. ఆ రోజు పొద్దున్నుంచి మూడు గంటలు వేచి చూశాం. కిటికీ తెరిచే ఉంది, ఎవరూ కనబడలేదు. వెలుతురు పోతోంది. కెమెరామన్‌ని సిద్ధంగా ఉండమని చెప్పి నేను రోడ్డు దాటాను. ఆమె ఇంటి గంట కొట్టాను. కొట్టి పరుగెత్తుకుంటూ ఇవతలికి వచ్చేశాను. ఎవరో చూద్దామని ఆమె కిటికీలోకి వచ్చింది. కెమెరా కనిపించింది. కిటికీ మూసేసింది.

పిల్లలు గంట కొట్టి పారిపోతారు. అప్పుడు నాకు ముప్పై ఎనిమిదేళ్లు.

అక్టోబర్ 2

పారిస్ నుంచి నిర్మాత సెవెరిన్ ఫోన్. "ఇంతవరకు ఎన్ని గంటలు తీశావు?" అంది. చాలా అన్నాను. తీసింది నది ఒక్కటే.

అక్టోబర్ 4. సోమవారం.

ఉదయం పది గంటలు. ఆమె తలుపు తీసింది.

"మళ్లీ చల్లబడలేదులే, బాగానే ఉంది" అంది.

"లియోంతిన్ గారూ, నేను రేడియేటర్ మనిషిని కాదండీ."

"తెలుసు. లోపలికి రా, చలిగాలి వస్తోంది."

వంటగదిలో కూర్చున్నాం. "తెలుసా?" అన్నాను.

"గంట కొట్టి పారిపోయినవాడివి నువ్వే కదా. పైనుంచి చూశాను. అప్పుడు జుట్టు ఇంకా ఉండేది నీకు. మొన్న తలుపు తీయగానే గుర్తుపట్టా."

"మరి అప్పుడే ఎందుకనలేదండీ?"

"రేడియేటర్ పని అయ్యాక అందామనుకున్నా. ఆ పనివాడు మూడు వారాలుగా తిప్పుతున్నాడు. పని అయ్యేసరికి నీ ముఖం చూస్తే పాలిపోయి ఉంది. ముందు నీకు తిండి పెట్టాల్సొచ్చింది."

చేతులు బల్ల మీద పెట్టుకుని ఎదురుచూస్తూ కూర్చుంది. నేను నకలు తీశాను. చదివి వినిపిస్తానన్నాను. "కళ్లజోడు పెట్టుకోనీ" అని పెట్టుకుంది. వినడానికి కళ్లజోడు ఎందుకో నాకు తట్టలేదు. చదివాను. "ఆమె ఏమీ అనదు" దాకా చదివి కాగితం మడవబోయాను.

"ఇంకో మాటుందిగా" అంది.

"లేదండీ, అంతే."

"ఉంది అబ్బాయ్. తలకిందులుగా ఉన్నా చదవగలను. ఆ పిల్ల పుస్తకాలు చదవదు అని రాశాడు."

నేను తల వంచుకున్నాను.

"ఆ పుస్తకం నేను ఏడుసార్లు చదివాను. తర్వాత రాసినవీ చదివాను. పక్క ఊరి లైబ్రరీలో ఇస్తారు. వాడు చిన్నప్పుడు మా గట్టు మీద కూర్చుని నేను బట్టలుతకడం చూస్తూ ఉండేవాడు. అది బాగా రాశాడు. నీళ్ల చప్పుడు, సబ్బు వాసన... అన్నీ సరిగ్గా పెట్టాడు. అవి చదివేటప్పుడు వీడేనా ఇంకో పేజీలో నన్నలా రాసింది అనిపించేది."

"మీకు కోపం రాలేదా?"

"ఎందుకు రాలేదు? నువ్వు మాత్రం? నీ మీద రాలేదనుకున్నావా?"

క్షమించమన్నాను. ఎంత పేలవంగా ఉందో ఆ మాట. ఆమె లేచి కిటికీ దగ్గరికి వెళ్లింది. వెళ్లిపొమ్మంటుందనుకున్నాను.

"గురువారం కెమెరా తీసుకురా" అంది. "కుర్చీ నేను చెప్పినచోట వేస్తావు. గంట కొట్టి, తలుపు తీసేదాకా నిలబడతావు."

అక్టోబర్ 5

ఎలియాన్‌కు చెప్పాలా? చెప్తే ఆపేస్తుంది. చెప్పకపోతే మళ్లీ చాటుమాటు పనే అవుతుంది. ఫోన్ తీశాను, పెట్టేశాను. తీశాను. చెప్పేశాను. "మా వకీలు మీకు రాస్తారు" అని పెట్టేసింది.

అక్టోబర్ 7. గురువారం.

గంట కొట్టాను. నిలబడ్డాను.

నలభై నిమిషాలు మాట్లాడింది. ఒక్కసారీ ఆపలేదు, నేను ప్రశ్న వేయలేదు. ఇక్కడ కొంత రాసిపెడతాను.

"నాకు పంతొమ్మిదేళ్లు. కాఫీ కొట్టుకి ఇస్త్రీ చేసిన బల్లగుడ్డలు తీసుకెళ్లాను. ఒమొంతెల్ వాళ్ల నాన్న అక్కడ తాగుతూ ఉన్నాడు. మనిషి మంచివాడే, నోరే ఎక్కువ. 'మా పంతులింట్లో ఉండేది ముగ్గురు, రొట్టెలు మాత్రం ఆరుగురికి కొంటాడు, ఈ కరువులో ఎక్కడ పడుతున్నాయో' అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. పక్క బల్ల దగ్గర ఒకడు నవ్వలేదు. వాడు జర్మన్ల మనిషని తర్వాత తెలిసింది. ఆ సాయంత్రమే వచ్చి పంతుల్ని తీసుకెళ్లిపోయారు.

"మరుసటేడు జర్మన్లు పోయాక, ఎవరు చెప్పారు, ఎవరు చెప్పారని ఊరంతా వెతికారు. ఆ రోజుల్లో దొరికినవాణ్ని నది గోడకి నిలబెట్టి కాల్చేసేవాళ్లు. కొట్లో నవ్వినవాళ్లెవరూ నోరు విప్పలేదు. నన్నూ అడిగారు. నువ్వు ఆ రోజు కొట్టుకి వెళ్లావు కదా, ఏమన్నా విన్నావా అని. ఒమొంతెల్ వాళ్ల నాన్నకి ముగ్గురు పిల్లలు. నవ్వులాటకు అన్న మాట. పంతులింట్లో పిల్ల ఏడుస్తుంటే రోజూ వింటున్నా, ఇంకో ఇంట్లో కూడా ఏడవాలా అనుకున్నా. ఏం వినలేదన్నాను.

"ఆ ముగ్గురు పిల్లల్లో పెద్దవాడే ఆ పుస్తకం రాశాడు.

"అప్పుడు చెప్పొచ్చు కదా అంటావు. ఎవరికి చెప్పను? అచ్చులో పడ్డ మాట ముందు ఇస్త్రీ మనిషి మాట ఎవడికి కావాలి? పైగా అప్పుడు వినలేదని చెప్పింది నేనే. ఒట్టేసి మరీ చెప్పాను."

తర్వాత మచ్చ ఉన్న చెయ్యిని ఒళ్లో పెట్టుకుంది. కెమెరా నడుస్తూనే ఉంది. ఆపమని చెయ్యి ఊపింది.

"టీవీలో వేస్తావో మానేస్తావో నాకనవసరం. ముందు ఒదెత్‌కి చూపించు. నువ్వే తీసుకెళ్లు. నేనెళ్తే తలుపు తీయదు."

అక్టోబర్ 11

వకీలు ఉత్తరం వచ్చింది. ఒమొంతెల్ రాతలు, గొంతు, బొమ్మలు ఏవీ వాడకూడదు. సెవెరిన్ ఫోన్‌లో అరిచింది.

"రచయిత లేకుండా రచయిత మీద సినిమా ఎలా తీస్తావయ్యా! చానల్‌కి ఏం చెప్పమంటావు?"

"సినిమా లేదని చెప్పు."

"అంతేనా?"

"ప్రస్తుతానికి అంతే."

ఆమె ఫోన్ పెట్టేశాక కుర్చీలో కూర్చుండిపోయాను. పదకొండో సినిమా పోయింది. బహుశా పన్నెండోది ఎవరూ ఇవ్వరు. ఇంకా ఒదెత్‌కు చూపించలేదు. ముప్పై ఆరేళ్లుగా ఆమె పట్టుకుని బతుకుతున్నదాన్ని నేను వెళ్లి లాగేసుకోవాలి. దాన్ని ఆమె చేతిలో పెట్టినవాళ్లలో నేనొకణ్ని.

అక్టోబర్ 12

వెళ్లలేదు.

అక్టోబర్ 13

దుకాణం దాకా వెళ్లాను. లోపల పిల్లలున్నారు.

అక్టోబర్ 14. గురువారం.

తొమ్మిదింటికి ఒదెత్ కొట్టు తీస్తుండగా వెళ్లాను. చూపించాల్సింది ఒకటుందని చెప్పాను. నా ముఖం చూసి ఆమె కొట్టు తలుపు మళ్లీ మూసింది. కోటు విప్పలేదు, కూర్చోలేదు. కెమెరాకున్న చిన్న తెర మీద లియోంతిన్ కనబడగానే, "ఇదా! దీన్ని చూడటానికా!" అని తల తిప్పుకుంది.

"పది నిమిషాలండీ. తర్వాత నన్ను తిట్టండి."

కాఫీ కొట్టు దగ్గరికి వచ్చేసరికి ఆమె బల్ల అంచు పట్టుకుంది. ముగ్గురు, ఆరుగురికి రొట్టెలు. "మా అమ్మ చెప్పేది," అంది తనలో తాను, "ఆ రోజుల్లో రొట్టెలు మోయలేక చేతులు లాగేవని." తర్వాత నది గోడ, ఏం వినలేదన్నాను అన్న మాట. అక్కడ ఒదెత్ చెయ్యి చాచి తెర మూసేసింది.

"దీనికి తెలుసన్నమాట. అరవై ఏళ్లూ తెలుసు. తెలిసీ నోరు విప్పలేదు."

నేను కెమెరాను పక్కకు జరిపాను.

"మా అమ్మ ఎవరో తెలీకుండానే చచ్చిపోయింది! పుస్తకం రాకముందే పోయింది. రోజూ వీధిలో ప్రతివాడి ముఖంలోకీ చూసేది, వీడేనా, వీడేనా అని. అది నోరు విప్పుంటే..." ఆగిపోయింది. "ఇంట్లో ఉందా అది ఇప్పుడు?"

ఉందన్నాను. నా పక్క నుంచి బయటికి వెళ్లిపోయింది. కొట్టుకు తాళం కూడా వేయలేదు. నేను లాగి మూసి వెనకాలే పరుగెత్తాను. అరవై ఏడేళ్ల మనిషిని అందుకోలేకపోయాను. ముప్పై ఆరేళ్లుగా నడవని వీధిలోకి తిరిగింది. గంట కొట్టలేదు, అరచేత్తో తలుపు బాదింది. తెరుచుకుంది. ఒక్క క్షణం ఇద్దరూ ఎదురెదురుగా నిలబడ్డారు. ఒదెత్ గొంతు పెద్దగా వినిపించింది, మాటలు అర్థం కాలేదు. లియోంతిన్ పక్కకు జరిగింది. ఇద్దరూ లోపలికి వెళ్లారు. తలుపు పడింది.

నేను వంతెన మీద నిలబడ్డాను. కెమెరా కొట్లోనే వదిలేశాను. లోపల ఒకసారి కుర్చీ పడిన చప్పుడైంది, లేక నేను అలా అనుకున్నానో. వెళ్లి తలుపు తట్టాలా? ఎవరినైనా పిలవాలా? ఎనభై ఏళ్ల మనిషి. నాలుగుసార్లు వంతెన దిగాను, నాలుగుసార్లూ వెనక్కి ఎక్కాను. గంటా పది నిమిషాలు గడిచాయి.

తలుపు తెరుచుకుంది. ఇద్దరూ బయటికి వచ్చారు. ఒదెత్ ముఖం ఉబ్బిపోయి ఉంది. లియోంతిన్ కోటు వేసుకుంది, చేతిలో సంచీ ఉంది. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకోలేదు. ఇద్దరి మధ్య ఇంకో మనిషి పట్టేంత ఎడం ఉంది. నా ముందు నుంచే వెళ్లారు, నన్ను చూడలేదు. చర్చి వెనకాల గురువారం సంత జరుగుతోంది. అటు నడిచారు. కాస్త దూరంగా వాళ్ల వెనకాలే వెళ్లాను నేను.

చేపల దుకాణం ముందు ఏడెనిమిది మంది వరస కట్టి ఉన్నారు. లియోంతిన్‌ని చూడగానే మాటలు ఆగిపోయాయి. కొందరు చేపల వైపు చూడటం మొదలుపెట్టారు. ఆమె వరస చివర నిలబడింది. ఒదెత్ ఆమె వెనకాల నిలబడింది. వరస కదిలింది. వాళ్ల వంతు వచ్చింది. చేపలమ్మి లియోంతిన్ తల మీదుగా చూస్తూ, "ఒదెత్ గారూ, మీకేం కావాలమ్మా?" అంది.

"ఈవిడ నాకంటే ముందొచ్చింది" అంది ఒదెత్, సంత సగం వినేలా. "ముందు ఈవిడకి ఇవ్వు."